సీతాక్వారో దారిలో సీతాకోకచిలుకలు

2024 ఫిబ్రవరి 7న ఆ వార్త వచ్చింది. మెక్సికో అడవుల్లో చలికాలం గడిపే మోనార్క్ సీతాకోకచిలుకల లెక్క ఈసారి 0.90 హెక్టార్లు. లెక్కలు మొదలుపెట్టాక ఇంతకంటే తక్కువ ఒక్కసారే వచ్చింది. 2013–14లో, 0.67.

సీతాకోకచిలుకలను హెక్టార్లలో కొలవడమేమిటని మా ఆయన అడిగారు. ఒక్కొక్కదాన్నీ లెక్కపెట్టడం ఎవరి తరమూ కాదు. అందుకని అవి గుంపులుగా పట్టిన చెట్లన్నీ కలిసి ఎంత నేల మీద ఉన్నాయో చూస్తారు. 1996–97 చలికాలంలో అది 18.19 హెక్టార్లు. మన లెక్కలో చెప్పాలంటే అప్పుడు 45 ఎకరాలు, ఇప్పుడు రెండెకరాల ఇరవై రెండు సెంట్లు. శ్రీకాకుళం దగ్గర మా నాన్నగారి పొలం రెండెకరాల చిల్లర. కెనడా దక్షిణం నుంచి టెక్సాస్ దాకా వేసవిలో ఎగిరి, చలికి మెక్సికో చేరిన మోనార్కులన్నీ మా నాన్నగారి పొలంలో పట్టేస్తాయన్నమాట. ఆ రాత్రి నాకు నిద్ర పట్టలేదు.

మేముండేది టెక్సాస్‌లోని ఆస్టిన్‌లో. ఏటా అక్టోబరులో అవి మా పెరటి మీదుగానే నైరుతి వైపు వెళ్తాయి. మా అమ్మాయికి పదకొండేళ్ళు. ఐదో ఏటి నుంచీ పెరట్లో మిల్క్‌వీడ్ మొక్కల మీద గొంగళిపురుగులను చూసుకుంటోంది. కిందటి అక్టోబరులో మేమిద్దరం కలిసి ముప్ఫై మోనార్కులకు రెక్క మీద చిన్న గుండ్రటి స్టిక్కర్లు అంటించి వదిలాం. కాన్సస్ విశ్వవిద్యాలయంలో 1992లో మొదలైన మోనార్క్ వాచ్ అనే కార్యక్రమం వాళ్ళు ఆ స్టిక్కర్లు పంపుతారు. ప్రతిదాని మీదా ఒక నంబరు ఉంటుంది. ఆ ముప్ఫై నంబర్లూ మా అమ్మాయి నోట్‌బుక్కులో రాసి పెట్టుకుంది.

వార్త చదివాక "అమ్మా, ఈ ఏడే వెళ్దాం" అంది. శుక్రవారం ఒక్కరోజు బడి మానిపిస్తే సోమవారం ఎలాగూ సెలవు. మా ఆయనకు ఆఫీసులో కుదరలేదు. నేనూ, అదీ బయలుదేరాం.

మొదటి రోజు – ఫిబ్రవరి 15, గురువారం

ఆస్టిన్ నుంచి మెక్సికో సిటీకి విమానంలో రెండున్నర గంటలు. నగరం పడమటి కొసన ఉన్న బస్ స్టేషన్‌కు టాక్సీలో వెళ్ళి మిచోవకాన్ రాష్ట్రం వైపు వెళ్ళే బస్సు ఎక్కాం. తోలూకా దాటుతుంటే ఎడమ చేతి వైపు నెవాదో దె తోలూకా కనిపించింది. 4,680 మీటర్ల పాత అగ్నిపర్వతం. ఆ కొండను నేను మామూలు కంటే ఎక్కువసేపు చూశాను. దాని సంగతి తరువాత చెబుతాను.

మేం దిగాల్సిన ఊరి పేరు సీతాక్వారో. స్పెయిన్ భాష అక్షరాల్లో అది జెడ్‌తో మొదలవుతుంది కాబట్టి ఇన్నాళ్ళూ నేను "జిటాక్వారో" అని చదువుకుంటున్నాను. బస్సు కండక్టరు గట్టిగా "సీతాక్వారో! సీతాక్వారో!" అని అరిచేసరికి మా అమ్మాయి నా చెయ్యి పట్టుకుని ఊపేసింది. "అమ్మా, సీతా అంటున్నాడు! సీతాకోకచిలుక ఊరు!" దానికి తెలుగు మాటలు విడగొట్టడం ఇష్టం. సీత, కోక, చిలుక అని వేళ్ళ మీద లెక్కపెట్టుకుంటూ ఉంటుంది. సీతమ్మ కోక రంగులున్న చిలుకలని మా అమ్మమ్మ చెప్పిన అర్థమే నేను దానికి చెప్పాను. ఆ పేరుకూ ఈ ఊరికీ ఏ సంబంధమూ లేదు. అయినా నాకు కూడా చాలా సంతోషమేసింది.

సీతాక్వారో చుట్టుపక్కలంతా జామతోటలు. బస్ స్టేషన్ బయట బుట్టల నిండా పసుపుపచ్చటి చిన్న జామకాయలు, ఆ వాసనకు ప్రాణం లేచి వచ్చింది. అరకిలో కొనుక్కుని టాక్సీ మాట్లాడుకుని అంగంగేయో అనే కొండ ఊరికి బయలుదేరాం. ఒకప్పటి వెండి గనుల ఊరు అది. ఇరుకు లోయలో ఒకే పొడుగాటి వీధి, ఎర్ర పెంకుల కప్పులు, చౌరస్తాలో ఎదురెదురుగా రెండు చర్చిలు.

ముందుగా డబ్బు కట్టిన బసలో మా పేరు లేదన్నారు. చీకటి పడింది, పిల్ల చలికి వణుకుతోంది, నాకు వచ్చిన స్పానిష్ పది ముక్కలు. అరగంట బాగా టెన్షన్ పడ్డాను. చివరికి టాక్సీ అబ్బాయే వీధి చివర తనకు తెలిసిన ఇంటికి తీసుకెళ్ళాడు. పెద్దావిడ మేడ మీద గది చూపించి, మేం అడగకుండానే నాలుగు ఉన్ని దుప్పట్లు తెచ్చి పడేసింది.

అంగంగేయో 2,500 మీటర్ల పైన ఉంది. గదిలో హీటరు లేదు. దుప్పట్ల కింద ముడుచుకుని మా అమ్మాయికి ఒక సంగతి చెప్పాను. మోనార్కులకు ఈ చలి కావాలి. చలికాలానికి ముందే దక్షిణం వైపు ఎగురుతున్న మోనార్కులను పట్టుకుని, ఈ కొండల్లో ఉండే చల్లదనంలో కొన్ని వారాలు ఉంచి చూశారు. బయటికి వదిలితే అవి ఉత్తరానికి తిరిగాయి. చలి తగలకుండా ఉంచినవి వసంతంలో కూడా దక్షిణానికే ఎగిరాయి. ఇంటికి వెళ్ళాలని వాటికి గుర్తుచేసేది ఈ చలే. "అయితే మనకీ తగలనీ" అని మా అమ్మాయి ముక్కు బయటపెట్టి పడుకుంది.

రెండో రోజు – ఫిబ్రవరి 16, శుక్రవారం

పొద్దున్నే అమ్మ ఫోను. అక్కడ సాయంత్రం.

"ఏటే, రథసప్తమి కదా, తలకి పోసుకున్నావా? జిల్లేడాకులు దొరికాయా?"

"ఈ కొండల్లో జిల్లేడు ఎక్కడిదమ్మా" అన్నాను గానీ ఫోను పెట్టేశాక ఆ మాటే బుర్రలో తిరిగింది. మా ఊరు అరసవల్లి పక్కనే. రథసప్తమికి ముందురోజు అర్ధరాత్రి నుంచే సూర్యనారాయణస్వామి గుడి ముందు వేలమంది బారులు తీరతారు. చిన్నప్పుడు అమ్మ తెల్లవారుజామున లేపి, నెత్తిన, భుజాల మీద జిల్లేడాకులు, వాటిలో రేగుపళ్ళు పెట్టి నీళ్ళు పోసేది. ఆ జిల్లేడు కోసం ముందురోజు సాయంత్రం చెరువుగట్టుకు వెళ్ళేది నేనే. ఆకులు తుంచుతుంటే నలుపు, తెలుపు, పసుపు చారల గొంగళిపురుగులు కనిపించేవి. అవి ఉన్న ఆకును వదిలేసి పక్క ఆకు తుంచేదాన్ని.

మోనార్క్ గొంగళిపురుగు తినేది మిల్క్‌వీడ్. అది మన జిల్లేడు కుటుంబమే. తుంచితే అదే పాలు, పగిలిన కాయలోంచి ఎగిరే అవే దూదిపింజల గింజలు. మన జిల్లేడు మీద పెరిగే నారింజరంగు సీతాకోకచిలుకా, మోనార్కూ ఒకే ప్రజాతి, రెండూ దనౌస్‌లే. ఆస్టిన్‌లో మొదటిసారి మోనార్క్ గొంగళిపురుగును చూసినప్పుడు అచ్చం మా చెరువుగట్టు పురుగే అనిపించింది. తరువాత దగ్గరగా చూస్తే తేడా తెలిసింది. మనదానికి ఒంటి మీద మూడు జతల నల్ల కొమ్ముల్లాంటివి ఉంటాయి, దీనికి రెండు జతలే. ఆ పాలలోని విషాన్ని రెండూ ఒంట్లో దాచుకుంటాయి. తిన్న పిట్ట కక్కుకుంటుంది, ఇంకోసారి ఆ రంగు జోలికి పోదు.

తొమ్మిదింటికి సియెరా చింక్వా చేరాం. 3,000 మీటర్ల పైన ఎత్తు. ఇక్కడ ఎవరూ సొంతంగా లోపలికి వెళ్ళకూడదు, ఊరివాళ్ళే వెంట వస్తారు. మా గైడ్ యాభై దాటిన మనిషి, తక్కువ మాటలు. గుర్రాలు ఉన్నాయన్నాడు, మేం నడుస్తామన్నాం. పది నిమిషాలకే నాకు ఆయాసం వచ్చింది. మా అమ్మాయి రెండుసార్లు కూర్చుండిపోయింది. ఆయన ఏమీ అనకుండా మా అడుగుకు తన అడుగు తగ్గించుకుని నడిచాడు.

దారంతా ఓయమెల్ చెట్లు. ఒక రకం దేవదారు అనుకోవచ్చు. నిటారుగా, ముదురాకుపచ్చగా, కొమ్మలు వాలుగా ఉంటాయి. పండగలకు చర్చిలను ఈ కొమ్మలతో అలంకరిస్తారు. శాస్త్రీయనామంలోనే "రెలిజియోసా" అని ఉంది. లింకన్ బ్రోవర్ అనే శాస్త్రవేత్త తన జీవితమంతా మోనార్కుల మీదే పనిచేశారు. ఆయన ఈ అడవిని గొడుగుతోనూ దుప్పటితోనూ పోల్చారు. పైన కొమ్మలు కలిసి ఉంటే వాన తడపదు, పగటి వెచ్చదనం రాత్రి పైకి పోదు. తడవని మోనార్క్ సున్నా కంటే కొన్ని డిగ్రీలు కిందికి దిగినా బతుకుతుంది. తడిస్తే అదే చలికి గడ్డకట్టి చస్తుంది. 2002 జనవరిలో వాన పడి, వెంటనే ఆకాశం తేరుకుని గడ్డకట్టే చలి వచ్చినప్పుడు కోట్లాది మోనార్కులు ఈ నేల మీద గుట్టలుగా రాలిపోయాయి. అందుకే ఒక్క చెట్టు కొట్టినా దుప్పటికి చిల్లు పడినట్టే.

గంటన్నర నడిచాక ఆయన ఆగి, తాడు కట్టిన చోట వేలు చూపించాడు. నాకేమీ కనబడలేదు. మబ్బు పట్టి ఉంది. చెట్ల కొమ్మలకు ఎండుటాకుల గుత్తులు వేలాడుతున్నాయి. ఇంకా ఎంత దూరమని అడగబోయాను. మా అమ్మాయి చప్పున నా చెయ్యి పట్టుకుంది.

ఆ ఎండుటాకులే.

రెక్కలు మూసుకుని ఒకదాని మీద ఒకటి, దాని మీద ఇంకొకటి. మూసిన రెక్క వెనకవైపు వెలిసిన నారింజ, బూడిద కలిసిన రంగు. మానుల మీద పెంకుల్లా పరుచుకుని ఉన్నాయి. కొమ్మలు బరువుకు కిందికి వంగాయి. ఒక్కొక్కటీ అరగ్రాము తూగుతుంది, అంతే. ఆ అరగ్రాములతో చెట్టుకొమ్మ వంగిందంటే ఎన్ని ఉండాలి! నాకు వెంటనే వెనకటి లెక్క గుర్తొచ్చింది. ఇది ఇంత తగ్గిపోయిన ఏడాది. 45 ఎకరాలున్న ఏడు ఈ అడవి ఎలా ఉండి ఉంటుందో ఊహకు అందలేదు.

మాట్లాడకూడదు, ఫ్లాష్ వేయకూడదు, తాడు దాటకూడదు. చలికి అవి కదలవు, మేమూ కదల్లేదు. అలా నలభై నిమిషాలు. మబ్బు అలాగే ఉంది. మా గైడ్ ఆకాశం వంక చూసి మా వంక చూసి, "ఎస్పెరెమోస్" అన్నాడు. ఆగుదామని.

వీటికి దారి చెప్పేది సూర్యుడే. ఒక్క సూర్యుణ్ణి చూస్తే చాలదు, సూర్యుడు కదులుతూ ఉంటాడు కాబట్టి వేళ కూడా తెలియాలి. ఆ గడియారం తలమీది సన్నటి మీసాల్లో ఉందని 2009లో తేల్చారు. మీసాలకు నల్లరంగు పూస్తే దారి తప్పాయి. ఒక్కసారి కూడా చూడని చోటికి, దాదాపు 4,000 కిలోమీటర్లు, సూర్యుణ్ణి చూసుకుంటూ వస్తాయి. ఇవన్నీ వేసవి చివర్లో పుట్టినవి. వీటి తల్లులు, అమ్మమ్మలు నాలుగైదు వారాలు బతికి పోయాయి. రోజులు కురచబడి, రాత్రులు చల్లబడి, మిల్క్‌వీడ్ ముదిరే వేళకు పుట్టినవి మాత్రం వెంటనే జతకట్టవు, గుడ్లు పెట్టవు. ఒంట్లో కొవ్వు దాచుకుని ఎనిమిది నెలలు బతుకుతాయి. టెక్సాస్‌లో మా వీధి చివర అక్టోబరులో పూసే తెల్లపూల మీద అవి అంతసేపు వాలి ఉండేది ఈ కొవ్వు కోసమే.

పదకొండు దాటాక మబ్బు కాస్త విడింది. ఎండ ఒక చెట్టు మీద పడింది. ఆ చెట్టు రంగు మారింది. మూసిన రెక్కలన్నీ ఒక్కసారిగా తెరుచుకుని బూడిదరంగు చెట్టు నారింజరంగు చెట్టయిపోయింది. మెల్లగా వణకడం మొదలైంది. తరువాత కొమ్మ విదిలించినట్టుగా లేచాయి. ఆ చెట్టు, పక్క చెట్టు, దాని పక్కది. ఆకాశం నిండిపోయింది. అప్పుడు వినిపించింది చప్పుడు. సన్నటి వాన తాటాకు పందిరి మీద పడుతున్నట్టు. రెక్కలకు చప్పుడుంటుందని నాకప్పటిదాకా తెలియదు.

ఒకటి మా అమ్మాయి టోపీ మీద వాలింది. అది ఊపిరి బిగబట్టుకుని కళ్ళు మాత్రం పైకెత్తి నిలబడిపోయింది. నేను సూర్యుడికి దణ్ణం పెట్టుకున్నాను. కళ్ళు చెమర్చాయి. మా గైడ్ టోపీ తీసి చేత్తో పట్టుకున్నాడు. రోజూ చూసే మనిషి.

అరసవల్లిలో ఏడాదికి రెండుసార్లు, మార్చిలోనూ అక్టోబరులోనూ, పొద్దుటి కిరణాలు స్వామి పాదాలను తాకుతాయి. మోనార్కులు టెక్సాస్ మీదుగా వచ్చేదీ పోయేదీ కూడా ఆ నెలల్లోనే. ఆ సాయంత్రం అమ్మకు ఫోన్ చేసి ఇదంతా చెప్పాను. కాసేపు మాట్లాడలేదు. తరువాత "అయితే నీకు దర్శనమైనట్టే" అంది.

మూడో రోజు – ఫిబ్రవరి 17, శనివారం

ఎల్ రోసారియో. అన్నిటికంటే ఎక్కువమంది వచ్చే చోటు, పైగా శనివారం. మెక్సికో సిటీ నుంచి బస్సులు, స్కూలు పిల్లలు, వీపున పాపలను కట్టుకున్న తల్లులు. మెట్లదారికి రెండువైపులా దుకాణాలు. నిన్నటి నిశ్శబ్దం తరువాత మొదట మనసుకు కాస్త కష్టంగా అనిపించింది. కానీ ఆ దుకాణాల్లో కూర్చున్నవాళ్ళతో మాట్లాడాక నా అభిప్రాయం మార్చుకున్నాను.

ఇది ఎహీదో భూమి. మెక్సికో విప్లవం తరువాత పెద్ద భూస్వాముల చేతుల్లోంచి తీసి ఊరందరికీ ఉమ్మడిగా ఇచ్చిన భూములను అలా అంటారు. అడవి వీళ్ళది. చెట్లు కొట్టి అమ్ముకునే హక్కు వీళ్ళది. 1986లో ప్రభుత్వం ఇక్కడ రక్షిత ప్రాంతాన్ని ప్రకటించి కొట్టడం ఆపమంది. వీళ్ళను సరిగా అడిగింది లేదు, బదులుగా ఇచ్చింది లేదు. 2000లో దాన్ని 56,259 హెక్టార్లకు పెంచినప్పుడు మాత్రం కొట్టకుండా వదులుకున్న కలపకు ఎంతో కొంత కట్టిచ్చే నిధి పెట్టారు. 2008లో యునెస్కో ప్రపంచ వారసత్వ జాబితాలోకి ఎక్కింది. అయినా నవంబరు చివర్నుంచి మార్చి దాకా వచ్చే ఈ జనమే వీళ్ళకు నికరమైన ఆదాయం. టికెట్టు కొన్న ప్రతి మనిషీ నిలబడి ఉన్న ఒక చెట్టుకు అద్దె కడుతున్నట్టే. ఇంకా జనం రావాలి. నిశ్శబ్దం కావాలంటే నాలాంటివాళ్ళు మామూలు రోజుల్లో రావచ్చు.

ఈ ఊరివాడే ఒమేరో గోమెస్ గొన్సాలెస్. కలప కొట్టే కుటుంబంలో పుట్టి, ఈ అడవికి కాపలాదారుగా నిలబడ్డాడు. సీతాకోకచిలుకల మధ్య చేతులు చాచి నిలబడ్డ ఆయన వీడియోలు మా అమ్మాయి చాలాసార్లు చూసింది. 2020 జనవరిలో కనబడకుండా పోయాడు. రెండు వారాల తరువాత ఒక నీటిగుంటలో శవం దొరికింది. ఆయన పేరు మేం ఎత్తలేదు, ఎత్తాల్సిన అవసరం రాలేదు. పూరీల్లాంటి నీలం జొన్న రొట్టెలు కాలుస్తున్న ఆవిడ మా అమ్మాయి ఫోనులో ఆయన బొమ్మ చూసి, గుండె మీద చెయ్యి వేసుకుంది.

నీలం జొన్న అన్నాను గానీ అది మొక్కజొన్న. పిండే నీలంగా ఉంటుంది. ఆ రొట్టెలో జున్నులాంటి చీజూ, గుమ్మడిపూలూ పెట్టి మడిచి ఇచ్చింది. మేం మాంసం తినమంటే చాలామంది కంగారుపడతారు, ఈవిడ నవ్వి పూల బుట్ట ముందుకు జరిపింది. మా అమ్మమ్మ గుమ్మడిపూలతో బజ్జీలు వేసేది. తాగడానికి మట్టికుండలో కాచిన కాఫీ, దాల్చినచెక్క, బెల్లం వేసి. వాళ్ళు పిలొన్సియో అంటారు, రుచి అచ్చం మన బెల్లమే.

ఆవిడే ఇంకో మాట చెప్పింది. మోనార్కులు ఈ కొండలకు చేరేది నవంబరు మొదటి రోజుల్లో. ఇక్కడ చనిపోయినవాళ్ళ పండగ నవంబరు 1, 2 తేదీల్లో. ఇక్కడి మసావా, ఓటోమీ ఊళ్ళలో వీటిని ఇంటికి తిరిగొస్తున్న పెద్దల ఆత్మలని అంటారు. వాళ్ళ కోసం బంతిపూలు పరుస్తారు, వాళ్ళకిష్టమైనవి వండి పెడతారు. మహాలయ పక్షంలో నాన్నగారు విస్తరి గోడ మీద పెట్టి కాకి కోసం ఎదురుచూసేవారు. వచ్చిన కాకిని చూసి ఆయన ముఖంలో వచ్చే తేలికదనం నాకిప్పటికీ కళ్ళముందుంది. ఇవి ఎక్కడి నుంచి వస్తాయో శాస్త్రానికి తెలియడానికి ఎంతోముందే, ఎప్పుడు వస్తాయో వీళ్ళకు తెలుసు.

పైన సీతాకోకచిలుకలు బాగా కనిపించాయి. జతకట్టడం మొదలైంది. మగవాటికి వెనక రెక్క మీద చిన్న నల్లచుక్క ఉంటుంది. మా అమ్మాయి చుక్క చూసి మగ, ఆడ చెబుతుంటే స్కూలు పిల్లలు దాని చుట్టూ చేరారు. దారిపక్కన రెక్కలు చిరిగి పడి ఉన్నవి కూడా ఉన్నాయి. ఈ విషాన్ని తట్టుకునే పిట్టలు ఇక్కడ రెండు రకాలున్నాయి, రోజూ తింటాయి.

దిగేటప్పుడు ఒక గైడ్ జేబులోంచి ప్లాస్టిక్ కవరు తీసి చూపించాడు. అందులో చనిపోయిన మోనార్క్, రెక్క మీద స్టిక్కరు. ఇలా దొరికినవాటికి మోనార్క్ వాచ్ డబ్బు ఇస్తుంది. మా అమ్మాయి గబగబా నోట్‌బుక్కు తీసింది. ముప్ఫై నంబర్లూ వేలు పెట్టి చూసింది. మళ్ళీ చూసింది. మాది కాదు. "పర్లేదు, ఎవరిదో ఒకరిది వచ్చింది కదా" అని ఆ నంబరు కూడా కింద రాసుకుంది.

నాలుగో రోజు – ఫిబ్రవరి 18, ఆదివారం

తెల్లవారుజామునే మచేరోస్ అనే చిన్న ఊరికి. ఇది మిచోవకాన్ దాటి పక్క రాష్ట్రంలో ఉంది. ఇక్కడి నుంచి సెర్రో పెలోన్ కొండ ఎక్కాలి. దారి ఎంత నిటారుగా ఉందంటే గుర్రం మెడ పట్టుకుని పడుకున్నట్టు కూర్చోవాలి. ఈసారి గుర్రాలే తీసుకున్నాం. దుమ్ము, రాళ్ళు, గుర్రం కాలు జారిన ప్రతిసారీ నా గుండె జారింది. మా అమ్మాయి ముందు గుర్రం మీద పాట పాడుకుంటూ పోయింది.

ఈ కొండకు రావాలని నేను పట్టుబట్టడానికి కారణం ఉంది. టొరంటోలో ఫ్రెడ్ అర్కార్ట్, నోరా అర్కార్ట్ అనే దంపతులు మోనార్కులు చలికాలం ఎక్కడికి పోతాయో తెలుసుకోవడానికి దశాబ్దాలు గడిపారు. రెక్కకు అంటించే స్టిక్కరు ఆలోచన వాళ్ళదే. మొదట్లో వానకు ఊడిపోయేవి. జిగురు మార్చి, కాగితం మార్చి, వేలమంది ఔత్సాహికులను కూడగట్టి, దొరికిన ప్రతి రెక్కనూ మ్యాపు మీద గుర్తు పెట్టుకుంటూ వచ్చారు. గీతలన్నీ టెక్సాస్ దాకా వచ్చి ఆగిపోయేవి. నోరా మెక్సికో పత్రికలకు రాసిన విన్నపం చూసి కెన్ బ్రగ్గర్ అనే అతను ముందుకొచ్చాడు. అతనూ, మిచోవకాన్‌లోనే పుట్టిన కతలీనా అగ్వాదో కొండలన్నీ తిరిగి, ఊళ్ళలో అడుగుతూ, 1975 జనవరి 2న ఈ సెర్రో పెలోన్ మీద ఆ చెట్లను చూశారు. బ్రగ్గర్‌కు రంగులు కనిపించేవి కావు. ఆ నారింజరంగును కళ్ళారా చూసింది కతలీనాయే.

1976 జనవరిలో అర్కార్ట్ దంపతులు వచ్చారు. అప్పటికి ఆయన అరవై దాటినవాడు, ఈ ఎత్తులో గుండె ఆగిపోతుందేమోనని భయపడ్డాడు. చూస్తుండగా బరువుకు ఒక కొమ్మ విరిగి ముందు పడింది. రాలిన వేలల్లో ఒకదాని రెక్క మీద స్టిక్కరు. మినసోటాలో ఒక ఉపాధ్యాయుడు, తన విద్యార్థులతో కలిసి అంటించినది. ఇది చదివిన ప్రతిసారీ నాకు ఆ విద్యార్థులే గుర్తొస్తారు. తాము అంటించింది చేరిందని తెలిసినప్పుడు వాళ్ళకు ఎలా ఉండి ఉంటుంది!

అయితే "కనుక్కున్నారు" అనే మాట ఇక్కడ నాకు నచ్చదు. కట్టెలకు వచ్చేవాళ్ళు, గొర్రెలు కాసేవాళ్ళు తరతరాలుగా చూస్తున్నవే ఇవి. వాళ్ళకు తెలియనిది ఒక్కటే, ఇవి కెనడా నుంచి వస్తాయని. కెనడా వాళ్ళకు తెలియనిదీ ఒక్కటే. రెండు సగాలూ కలిపింది కతలీనా లాంటి మనిషి.

పైన మైదానం దాటాక గుర్రాలు దిగి నడిచాం. ఇక్కడ జనం లేరు. మేమిద్దరం, మా గైడ్, అడవికి కాపలా కాసే ఊరి కుర్రాడు. ఎండ బాగా ఉంది. మోనార్కులు వాగు వెంట కిందికి ప్రవాహంలా వస్తున్నాయి, నీళ్ళు తాగడానికి. తడిమట్టి మీద వేలకొద్దీ వాలి రెక్కలు ఆడిస్తుంటే నేలే ఊపిరి తీస్తున్నట్టుంది.

తిరిగి వచ్చేటప్పుడు ఆ కుర్రాడు దారి పక్కన మొద్దులు చూపించాడు. కొత్తగా కొట్టినవి. రాత్రిళ్ళు వస్తారట. కింది వాలుల్లో పచ్చగా, వరుసలుగా కనిపించేవి అవకాడో తోటలు. అవి ఏటా పైకి పాకుతున్నాయి. మేం అమెరికాలో కొనుక్కుని తినే కాయలే. మా ఇంట్లో వారానికి నాలుగు తింటాం. ఆ మొద్దు దగ్గర నిలబడి నేను ఏమీ మాట్లాడలేకపోయాను.

చెట్టు కొట్టకపోయినా సరిపోదు. ఎండలు పెరిగే కొద్దీ ఓయమెల్‌కు కావలసిన చల్లదనం కొండ పైకి జరిగిపోతోంది. ఈ శతాబ్దం చివరికి ఈ రక్షిత ప్రాంతంలో ఆ చెట్టుకు అనువైన చోటు దాదాపుగా మిగలదని మిచోవకాన్ విశ్వవిద్యాలయ శాస్త్రవేత్త క్వౌతెమోక్ సాయెన్స్-రొమేరో బృందం లెక్కగట్టింది. అందుకే ఆయన స్థానిక రైతులతో కలిసి ఓయమెల్ మొక్కలను ఇంకా ఎత్తైన చోట్ల, పొదల నీడన నాటి చూస్తున్నారు. మొదటి రోజు నేను కళ్ళార్పకుండా చూసిన నెవాదో దె తోలూకా వాలు మీద కూడా నాటారు. చెట్టు నడవలేదు కాబట్టి మనుషులే ఎత్తుకుని వెళ్తున్నారు. అవి పెరిగి గొడుగయ్యేసరికి ఎన్నేళ్ళు పడుతుందో, మోనార్కులు ఆ కొండకు దారి కనుక్కుంటాయో. కానీ నాటుతున్నారు.

అమెరికాలో మా వైపు సంగతి ఇంతకంటే మెరుగేమీ కాదు. మధ్య రాష్ట్రాల్లో కలుపుమందును తట్టుకునే మొక్కజొన్న, సోయా వచ్చాక చేలల్లోనూ గట్ల మీదా మిల్క్‌వీడ్ తుడిచిపెట్టుకుపోయింది. మొక్క లేనిదే గుడ్డు లేదు. నేను కూడా ఒక తప్పు చేశాను. మొదట్లో నర్సరీలో అందంగా ఉన్న ఎర్ర, పసుపు పూల మిల్క్‌వీడ్ కొని నాటాను. అది వేడి దేశాల మొక్క. చలి గట్టిగా లేని ఏళ్ళలో ఆస్టిన్‌లో చావదు, ఏడాది పొడుగునా పచ్చగా ఉంటుంది. దాని ఆకుల మీద ఓఈ అనే పరాన్నజీవి పేరుకుపోయి రెక్కలు ముడుచుకుపోయిన పిల్లలు పుడతాయి. రెండేళ్ళు అలాంటివాటిని చూసి ఏడ్చాక మా అమ్మాయీ నేనూ ఆ మొక్కలు పీకేసి, టెక్సాస్ నేల మిల్క్‌వీడ్ గింజలు చల్లాం. మూడో ఏడాదికి గానీ మొలవలేదు.

ఐదో రోజు – ఫిబ్రవరి 19, సోమవారం

ప్రయాణమే. ఇంటి పెద్దావిడ దుప్పట్లకు డబ్బు తీసుకోలేదు. మిగిలిన జామకాయలు కస్టమ్స్ దగ్గర పట్టుకెళ్ళనివ్వరు కాబట్టి బస్సులో పక్క సీటు పిల్లలకు ఇచ్చేశాం. విమానంలో కిటికీ పక్కన కూర్చుని మా అమ్మాయి కింద కొండలు, ఎడారి, మళ్ళీ కొండలు చూస్తూ "ఇదంతా వాటికి రెక్కలతోనే" అంది. నిద్రపోయింది.

మార్చి 23, శనివారం – ఆస్టిన్

ఈ చలికాలపు మోనార్కులు మార్చి మధ్యలో ఆ కొండలు వదిలి బయలుదేరతాయి. టెక్సాస్ దాకా వచ్చి, మిల్క్‌వీడ్ వెతుక్కుని, గుడ్లు పెట్టి, ఇక్కడే చనిపోతాయి. ఇక్కడి నుంచి ఉత్తరానికి వెళ్ళేది వాటి పిల్లలు, వాటి పిల్లలు.

పది రోజులుగా మా అమ్మాయి స్కూలు నుంచి రాగానే పెరట్లోకే పరిగెత్తుతోంది. ఈ రోజు మధ్యాహ్నం కేక వేసింది. ఆడది. రంగు వెలిసి, కుడి రెక్క అంచు చిరిగి, చిన్న గాలికి కూడా పక్కకు ఒరిగిపోతోంది. ఒక్కొక్క మొక్కా వాలి చూసి, మళ్ళీ లేచి, చివరికి కంచె పక్కన చిన్న మొక్క మీద వాలి తోక లోపలికి వంచింది. వెళ్ళిపోయాక ఆకు తిప్పి చూశాం. రెక్క మీద స్టిక్కరు లేదు, నోట్‌బుక్కు తీయాల్సిన పని లేకపోయింది. అమ్మకు వీడియో కాల్ చేసి ఆకు చూపించాను. కళ్ళద్దాలు పెట్టుకుని దగ్గరగా చూసింది.

"జిల్లేడు లాగే ఉందే" అంది.

"జిల్లేడు చుట్టమేనమ్మా" అన్నాను.

ఆకు అడుగున గసగసాల గింజంత తెల్లటి గుడ్డు. మా అమ్మాయి పక్క మొక్కలు కూడా చూసి వచ్చి అమ్మమ్మకు లెక్క చెప్పింది. ఏడు.